ఎండిపోయినట్టు కనిపించే గోస్తని: ఆ నీళ్లన్నీ ఎక్కడున్నాయి?

ఈ ఎపిసోడ్‌ని ఒక చిన్న ప్రశ్నతో మొదలుపెడతాను. విజయవాడ అనగానే కృష్ణ. రాజమండ్రి అనగానే గోదావరి. నెల్లూరు అంటే పెన్న. శ్రీకాకుళం అంటే నాగావళి. మరి విశాఖపట్నం అంటే ఏ నది?

ఈ ప్రశ్న ఎవరిని అడిగినా ముందు ఒక నవ్వు వస్తుంది. తర్వాత "మాకు సముద్రం ఉంది కదండీ" అంటారు. ఉంది, కాదనను. కానీ ఆ నీళ్లు తాగలేం కదా. ఇన్ని లక్షల మంది ఉన్న ఊరు, పోర్టు, స్టీల్ ప్లాంట్, ఇన్ని ఫ్యాక్టరీలు... వీటన్నిటికీ మంచినీళ్లు ఎక్కడినుంచో రావాలి. అవి వచ్చే దారుల్లో ఒకదాని పేరు గోస్తని. ఈరోజు దాని గురించి మాట్లాడుకుందాం. బొర్రా గుహల దగ్గర మొదలై భీమిలి దగ్గర సముద్రంలో కలిసే మన చిన్న నది.

గోస్తని వంతెన మీద మీరు చాలాసార్లు వెళ్లే ఉంటారు. వేసవిలో కిందకి చూస్తే ఏముంటుంది? ఇసుక, తుప్పలు, మధ్యలో సన్నటి పాయ. "ఈ నది ఎప్పుడో చచ్చిపోయింది" అనుకుని వెళ్లిపోతాం. ఆ మాట ఎంతవరకు నిజమో చూద్దాం. ఎందుకంటే ఆ మాటని నమ్మితే, చచ్చిపోయిన నదిలో ఇసుక ఉంటే ఎంత, పోతే ఎంత అనిపిస్తుంది. అసలు సమస్య అక్కడే ఉంది.

మీ చేతిలో ఫోన్ ఉంది కాబట్టి ఒక పని చేయండి. మ్యాప్ తెరిచి శాటిలైట్ వ్యూ పెట్టండి. భీమునిపట్నం అని కొట్టండి. ఒక జాగ్రత్త: ఉత్త గోస్తని అని వెతికితే పశ్చిమ గోదావరిలో తణుకు దగ్గర అదే పేరుతో ఇంకోటి చూపించొచ్చు. అది వేరు, ఇది వేరు. భీమిలి ఊరు పక్కనే సముద్రంలోకి తెరుచుకున్న నీటి పాయ కనిపిస్తుంది కదా, దాన్ని పట్టుకుని పైకి, అంటే వాయవ్యం వైపు వెళ్లండి. పొలాలు, పద్మనాభం, జామి, ఆ తర్వాత కొండల అంచున పెద్ద నీలం మచ్చలా తాటిపూడి రిజర్వాయర్, ఇంకా పైకి వెళ్తే పచ్చటి అనంతగిరి కొండలు. అదీ మొత్తం నది.

బొర్రా నుంచి భీమిలికి స్కేలు పెట్టి గీత గీస్తే 60 కిలోమీటర్లు ఉంటుంది. నది మాత్రం తిరిగి తిరిగి సుమారు 120 కిలోమీటర్లు నడుస్తుంది. గోదావరి 1,465 కిలోమీటర్లు. దాని పక్కన ఇది పిల్లకాలువలా అనిపిస్తుంది. కానీ చిన్న నది గుణం వేరు, పెద్ద నది గుణం వేరు. ఆ తేడా తెలిస్తేనే మిగతా కథ అర్థమవుతుంది.

ముందు మన నేల ఎలా ఉందో చూడండి. ఉత్తరాంధ్రలో తూర్పు కనుమలు సముద్రానికి బాగా దగ్గరగా వస్తాయి. కొండకి, సముద్రానికి మధ్య ఉన్న మైదానం సన్నం. అందుకే ఇక్కడ చిన్న నదులు వరసగా, దువ్వెన పళ్లలా దిగుతాయి. చంపావతి, గోస్తని, మేఘాద్రి గెడ్డ, శారద, వరాహ, తాండవ. అన్నీ కొండల్లో పుట్టి తొందరగా సముద్రంలో కలిసేవే. కొండ శిఖరానికి అవతల పడిన వాన దారి వేరు. అటువైపు నీళ్లు మాచ్‌ఖండ్, సీలేరు, శబరి మీదుగా గోదావరిలో కలిసి, రాష్ట్రం సగం చుట్టి వెళ్తాయి. అంటే ఒకే మబ్బు, ఒకే కొండ, కానీ కొన్ని చినుకులు రెండు రోజుల్లో భీమిలి చేరితే, పక్కనే పడ్డ చినుకులు గోదావరి డెల్టా చూసి గానీ సముద్రంలో కలవవు.

ఈ చిన్న నదుల మధ్య ఉన్న ఖాళీలో విశాఖ పెరిగింది. ఊరు నడిబొడ్డున పెద్ద నది లేకపోవడానికి కారణం అది. అలాగని ఊరికి గెడ్డలతో సంబంధం లేదనుకోకండి. ఇప్పుడు ఇన్నర్ హార్బర్ ఉన్న చోట ఒకప్పుడు ఉప్పుటేరు, బురద పర్ర ఉండేవి. మేఘాద్రి గెడ్డ వచ్చి కలిసేది అక్కడే. డాల్ఫిన్స్ నోస్ కొండ చాటు ఉంది, లోపల పల్లంగా ఉంది. దాన్నే తవ్వి పోర్టు చేశారు. 1933 అక్టోబర్ 7న జలదుర్గ అనే ఓడ రావడంతో ఆ పోర్టు మొదలైంది. అంటే ఈ ఊరికి ఇంత పేరు తెచ్చిన హార్బర్ కూడా ఒక గెడ్డ తెరిచిన దారిలో కట్టిందే.

సరే, గోస్తని దగ్గరకి వద్దాం. పైనుంచి కిందకి నడుద్దాం.

మొదలు బొర్రా. సముద్రమట్టానికి 700 మీటర్ల ఎత్తు. మీలో చాలామంది కిరండూల్ రైల్లో వెళ్లి, గుహల్లో ఫోటోలు దిగి, బొంగు చికెన్ తిని వచ్చినవాళ్లే. కొత్తవలస నుంచి కిరండూల్ దాకా ఉన్న ఆ రైలు మార్గాన్ని 1960ల్లో వేసింది అరకు టూరిస్టుల కోసం కాదు, బైలదిల్లా ఇనుప ఖనిజాన్ని విశాఖ పోర్టుకి దించడం కోసం. ఆ లైను ఈ గుహల పైనుంచే వెళ్తుంది.

గుహలు ఎలా వచ్చాయి? వాన చినుకు గాలిలోంచి దిగేటప్పుడు కొంచెం కార్బన్ డయాక్సైడ్ కలుపుకుంటుంది. అడవి నేలలో కుళ్లిన ఆకుల మధ్య నుంచి ఇంకేటప్పుడు ఇంకా ఎక్కువ కలుపుకుంటుంది. అప్పుడు ఆ నీరు చాలా పల్చటి సోడాలాంటిది అవుతుంది, కాస్త ఆమ్లగుణం వస్తుంది. బొర్రా దగ్గర ఉన్నది సున్నపురాయి జాతి రాయి. ఆ నీరు రాతిని కొద్దికొద్దిగా కరిగిస్తుంది. వేల, లక్షల ఏళ్లు కరిగిస్తే గుహ. పైకప్పు నుంచి కారే చుక్క తనతో తెచ్చిన సున్నాన్ని కొంచెం అక్కడే వదిలేస్తుంది. అలా పైనుంచి వేలాడే రాళ్లు, కింద నుంచి లేచే రాళ్లు తయారయ్యాయి. అలాంటి ఒక రాయి ఆవు పొదుగులా కనిపించిందని, అక్కడినుంచి వచ్చే నీరు కాబట్టి గోస్తని అన్నారని స్థానికంగా చెబుతారు. గో అంటే ఆవు, స్తనం అంటే పొదుగు. ఆవు పొదుగు నుంచి పాలు ఎలా వస్తాయి? చుక్క చుక్కగా, లోపల నిలవ ఉన్నదాంట్లోంచి వస్తాయి. ఈ పేరు పెట్టినవాళ్లకి హైడ్రాలజీ అనే మాట తెలియకపోవచ్చు, విషయం మాత్రం బాగానే తెలుసు అనిపిస్తుంది నాకు.

ఎందుకంటే గోస్తనికి మంచు కొండలు లేవు. గంగకి, బ్రహ్మపుత్రకి ఎండాకాలంలో మంచు కరిగి కొంత నీరొస్తుంది. గోస్తనికి వాన ఒక్కటే ఆధారం. ఈ ప్రాంతంలో సగటున ఏడాదికి సుమారు 110 సెంటీమీటర్ల వాన పడుతుంది. ఎక్కువ భాగం జూన్ నుంచి సెప్టెంబర్ లోపు నైరుతిలో వస్తుంది. అక్టోబర్, నవంబర్‌లో ఈశాన్య రుతుపవనాలు, తుపాన్లు ఇంకొంత ఇస్తాయి. ఆ తర్వాత డిసెంబర్ నుంచి మే దాకా చెప్పుకోదగ్గ వాన ఉండదు. మరి ఆ ఆరు నెలలు నది ఎలా బతకాలి? నిలవ ఉన్నదాంతోనే బతకాలి. కొండల్లో చెట్ల వేళ్ల కింద నేలలో ఇంకిన నీరు ఊటలుగా మెల్లగా దిగుతుంది. అడవి బాగుంటే ఆ ఊట ఎక్కువ రోజులు నడుస్తుంది. అడవి పోతే ఏమవుతుంది? వాన అంతే పడుతుంది, కానీ ఇంకే టైమ్ లేక ఒక్కసారిగా జారిపోతుంది.

చిన్న నది గుణం అన్నాను కదా, అది ఇదే. గోదావరిలో వరద వస్తుందంటే భద్రాచలం దగ్గర మట్టం చూసి, కిందున్న ధవళేశ్వరం వాళ్లు సర్దుకునే టైమ్ ఉంటుంది. గోస్తని లాంటి నదిలో అంత టైమ్ ఉండదు. కొండ నిటారుగా ఉంటుంది, దూరం తక్కువ. పైన గట్టి వాన పడితే కొన్ని గంటల్లోనే ఏరు పొంగుతుంది, అంతే తొందరగా దిగిపోతుంది. అందుకే పొద్దున్న ఇసుక చూసినవాడు సాయంత్రం వరద చూస్తాడు. రెండు రోజుల తర్వాత వచ్చినవాడు మళ్లీ ఇసుకే చూస్తాడు.

ఇలా పరుగెత్తే నీటిని ఆపడానికి కట్టిందే తాటిపూడి రిజర్వాయర్. విజయనగరం జిల్లా గంట్యాడ మండలంలో ఉంది. 1963లో మొదలుపెట్టి 1968లో పూర్తి చేశారు. దీని కింద 15 వేల ఎకరాలకు పైగా సాగవుతుంది. విశాఖ నగరానికి తాగునీరు కూడా ఇక్కడినుంచి వెళ్తుంది. దీని నిలవ సామర్థ్యం సుమారు 3 టీఎంసీలు. టీఎంసీ అనే మాట వార్తల్లో వింటాం గానీ ఎంతో తెలియదు చాలామందికి. ఒక టీఎంసీ అంటే వంద కోట్ల ఘనపు అడుగులు. లీటర్లలో చెప్పాలంటే సుమారు 2,830 కోట్ల లీటర్లు. వినడానికి చాలా ఎక్కువగా ఉంది కదా? నాగార్జునసాగర్ పూర్తి సామర్థ్యం 312 టీఎంసీలు. తాటిపూడి దానిలో నూరో వంతు. ఆ నూరో వంతులోనే రైతు వాటా, పట్నం వాటా. ఒక ఏడాది వాన తగ్గితే, ఇద్దరిలో ఎవరికి ముందు అనే ప్రశ్న వచ్చి కూర్చుంటుంది.

ఇప్పుడు ఈ ఎపిసోడ్‌లో ముఖ్యమైన భాగానికి వచ్చాం. తాటిపూడి కింద నది.

రిజర్వాయర్ దాటాక కొండలు వెనక్కి పోతాయి, నేల చదునవుతుంది, నది వెడల్పవుతుంది, నెమ్మదిస్తుంది. నెమ్మదించిన నది మోసుకొచ్చిన బరువు దించుతుంది. ముందు రాళ్లు, తర్వాత గులకరాళ్లు, తర్వాత ఇసుక. అలా వేల ఏళ్లుగా పరుచుకున్న ఇసుక మేట మీద గోస్తని నడుస్తోంది. ఎండాకాలంలో పైన నీరు కనిపించదు. మరి ఎక్కడుంది?

ఇంట్లో ఒక ప్రయోగం చేయండి. ఒక గ్లాసు నిండా పొడి ఇసుక పోయండి. గ్లాసు నిండిపోయింది కదా, ఇంకేమీ పట్టదు అనుకుంటాం. ఇప్పుడు దాంట్లో మెల్లగా నీళ్లు పోయండి. సుమారు మూడో వంతు గ్లాసు నీళ్లు పడతాయి. పైన ఒక్క చుక్క కూడా కనిపించదు. ఇసుక రేణువుల మధ్య ఉన్న ఖాళీల్లోకి వెళ్లిపోయాయి.

ఏరు కూడా ఆ గ్లాసు లాంటిదే. ఊరికే ఒక లెక్క వేద్దాం. నది వెడల్పు 100 మీటర్లు అనుకోండి. ఒక కిలోమీటరు పొడవు, ఒక మీటరు లోతు ఇసుక తీసుకుందాం. మొత్తం లక్ష ఘనపు మీటర్ల ఇసుక. అందులో 30 శాతం ఖాళీ అనుకుంటే 3 కోట్ల లీటర్ల నీరు పడుతుంది. కొంత నీరు రేణువులకి అంటుకుని ఉండిపోతుంది, మన చేతికి రాదు. 2 కోట్ల లీటర్లు అందుతాయనుకుందాం. 5 వేల లీటర్ల ట్యాంకర్లు ఎన్ని? 4 వేలు. ఒక్క కిలోమీటరు ఏటిలో, ఒక్క మీటరు లోతులో. పైగా ఆ నీరు ఎండకి ఆవిరైపోదు, ఇసుక కప్పి ఉంచుతుంది. ప్రతి వానాకాలం ఆ ట్యాంకు దానంతట అదే నిండుతుంది. కరెంటు అక్కర్లేదు, సిమెంటు అక్కర్లేదు.

ఏటి ఒడ్డు ఊళ్లలో పెద్దవాళ్లని అడగండి, వాళ్లకి ఇది కొత్త విషయం కాదు. చేత్తో ఇసుక తోడి చెలమ తీస్తే, కాసేపట్లో అడుగున తేట నీళ్లు ఊరతాయి. వాటిని ముంత తో తోడుకుని బిందె నింపుకునేవాళ్లు. ఇసుకే వడకట్టేస్తుంది. ఇంజనీర్లు చేసిందీ అదే చెలమ, కాకపోతే పెద్దది. ఏటి ఇసుకలోకి లోతుగా బావి దింపుతారు, చిల్లులున్న పైపులు ఇసుకలో పరుస్తారు, ఇసుక గుండా ఊరిన నీరు బావిలోకి చేరుతుంది, అక్కడినుంచి పంపు చేస్తారు. వీటినే ఇన్‌ఫిల్ట్రేషన్ బావులు అంటారు, తేలికగా ఊటబావులు అనొచ్చు. గోస్తనిలో ఉన్న ఇలాంటి బావులు విశాఖ నగరానికి పాత నీటి వనరుల్లో ఒకటి. మనం వంతెన మీంచి చూసి "ఎండిపోయింది" అనుకున్న ఏరే మన కుళాయిలోకి వస్తోంది.

ఇక్కడ ఒక డౌట్ రావాలి. నీళ్లు ఇసుకలోనే ఎందుకు? పక్క పొలంలో బోరు వేస్తే రావా? మన ప్రాంతంలో కొండలు, నేల కింద ఉన్న రాయి ఎక్కువగా ఖోండలైట్. కైలాసగిరిలో కనిపించేదీ అదే. ఖోండ్ అనే గిరిజనుల పేరు మీదే ఆ రాతికి పేరు పెట్టారు. అది గట్టి రాయి. గట్టి రాతిలో ఇసుకలో ఉన్నట్టు ఖాళీలు ఉండవు. పైన కుళ్లి మెత్తబడిన పొరలో కొంత, పగుళ్లలో కొంత నీరు ఉంటుంది, అంతే. అందుకే ఒకరి బోరులో నీళ్లు పడితే పక్కింటివాళ్ల బోరులో దుమ్ము లేస్తుంది. రాతి నేలలో పుట్టిన మనకి ప్రకృతి ఇచ్చిన మంచి నీటి గిన్నె ఏదైనా ఉందంటే అది ఏటి ఇసుకే.

ఇప్పుడు ఆ ఇసుకని లారీలకెత్తితే ఏమవుతుందో మీరే చెప్పగలరు. నది మట్టం కిందకి దిగుతుంది. నది మట్టం దిగితే రెండు ఒడ్డుల్లో ఉన్న భూగర్భజలం కూడా ఏటిలోకి జారి దిగిపోతుంది. ఒడ్డున ఉన్న రైతు బోరు ఇంకా లోతుకి వెళ్లాలి. ఊటబావి చుట్టూ ఇసుక తగ్గితే వడకట్టే పొర పల్చబడుతుంది, ఊరే నీరూ తగ్గుతుంది. వంతెన స్తంభాల పునాదులు బయటపడతాయి. వరద వస్తే ఒడ్డు కోసుకుపోతుంది.

"మళ్లీ వరదకి ఇసుక వస్తుంది కదా" అంటారు. వస్తుంది, కానీ మునుపటంత కాదు. కొండల నుంచి దిగే ఇసుకలో చాలా భాగం తాటిపూడి రిజర్వాయర్‌లోనే ఆగిపోతుంది. నిలవ నీటిలో ఇసుక అడుక్కి చేరిపోతుంది కాబట్టి డ్యామ్ దాటి కిందకి రాదు. వచ్చేది తక్కువ, తీసేది ఎక్కువ. బ్యాంకులో డబ్బు ఉందని రోజూ తీస్తూ, జీతం ఆగిపోయిందన్న సంగతి మర్చిపోయినట్టు ఉంటుంది.

ఇల్లు కట్టుకోవాలంటే ఇసుక కావాలి, ఆ మాట నేనూ ఒప్పుకుంటాను. ఇసుక తోలుతున్న కూలీనో, లారీ డ్రైవర్‌నో తిట్టడం ఈ ఎపిసోడ్ ఉద్దేశం కాదు. ఎక్కడ తీయాలి, ఎంత తీయాలి, ఎక్కడ అసలు ముట్టకూడదు అన్నదే ప్రశ్న. మన రాష్ట్రంలో 2002 నుంచి వాల్టా చట్టం ఉంది. నీరు, భూమి, చెట్లు, ఈ మూడిటికీ సంబంధించిన చట్టం. వంతెనలకి, మంచినీటి పథకాలకి దగ్గర్లో ఇసుక తవ్వకూడదని నిబంధనలు ఉన్నాయి. ఎందుకు ఉన్నాయో మీకు ఇప్పుడు తెలుసు: ఆ గ్లాసు ప్రయోగం గుర్తుంటే చాలు.

ఇంకొంచెం కిందకి, భీమిలికి వెళ్దాం. డచ్చివాళ్లు 17వ శతాబ్దంలో స్థావరం పెట్టుకున్న ఊరు, 1861లోనే మున్సిపాలిటీ అయిన ఊరు. ఇక్కడ నదికీ సముద్రానికీ రోజూ ఒక తోపులాట. ఆటుకి నది ముందుకి వెళ్తుంది, పోటుకి సముద్రం లోపలికి వస్తుంది. నదిలో నీరు దండిగా ఉన్నప్పుడు మొగ బాగా తెరుచుకుని ఉంటుంది. ఎండాకాలంలో నది బలం తగ్గితే, అలలు తెచ్చిన ఇసుక మొగకి అడ్డంగా దిబ్బ వేస్తుంది.

కంటికి కనిపించని తోపులాట ఇంకోటి నేల కింద జరుగుతుంది. తీరంలో భూమి లోపల మంచినీరు పైన, ఉప్పునీరు కింద ఉంటాయి, ఎందుకంటే ఉప్పునీరు బరువు. ఒక లెక్క ఉంది, వింటే ఆశ్చర్యపోతారు. నేలలో మంచినీటి మట్టం సముద్రమట్టానికి ఒక మీటరు పైన ఉంటే, దాని కింద సుమారు 40 మీటర్ల లోతు దాకా ఉప్పునీటిని అది ఆపగలదు. ఇదే లెక్క తిరగేయండి. మనం పైన మంచినీటి మట్టాన్ని ఒక్క అడుగు దించితే, కింద ఉప్పునీరు 40 అడుగులు పైకి రావడానికి దారి ఇచ్చినట్టు. ఇది సరళంగా చెప్పే లెక్క, నేలని బట్టి మారుతుంది. కానీ దిశ మాత్రం మారదు. ఏటిలో ఇసుక తగ్గి, నీటి మట్టం పడిపోయి, పైగా తీరం వెంట బోర్లు తోడితే, బావి ఉప్పెక్కుతుంది. ఒకసారి ఉప్పెక్కిన బావి మళ్లీ తియ్యబడటానికి ఎన్ని వానలు కావాలో చెప్పలేం.

అక్కడికి దగ్గర్లోనే ఎర్రమట్టి దిబ్బలు ఉన్నాయి, రీల్స్‌లో చూసే ఉంటారు. భారత భూగర్భ సర్వేక్షణ సంస్థ దాన్ని జాతీయ భౌగోళిక వారసత్వ స్థలంగా గుర్తించింది. ఈ తీరం ఎప్పుడూ ఇలాగే లేదని చెప్పడానికి అది సాక్ష్యం. సుమారు 20 వేల ఏళ్ల క్రితం, మంచుయుగంలో, ప్రపంచమంతా సముద్రమట్టం ఇప్పటికంటే 120 మీటర్ల దాకా తక్కువ. అంటే అప్పటి గోస్తని మొగ ఇప్పటి భీమిలి బీచ్‌లో లేదు, ఇంకా లోపల, ఇప్పుడు సముద్రం ఉన్న చోట ఉండేది. నదికి తొందర లేదు. తొందరంతా మనదే.

బీచ్ గురించి కూడా ఒక మాట. బీచ్ ఇసుక సముద్రంలో పుట్టదు. ఎక్కువ భాగం నదులు తెచ్చి పోసిందే, అలలు దాన్ని తీరం వెంట పక్కకి జరుపుతూ ఉంటాయి. మన తీరంలో మొత్తం మీద అది ఉత్తరం వైపు నడుస్తుంది. పోర్టు బ్రేక్‌వాటర్లు ఆ నడకకి అడ్డం కాబట్టి ఇటు ఇసుక ఆగి, అటు ఆర్‌కే బీచ్ కోసుకుపోతుంది. అందుకే డ్రెడ్జర్‌తో ఇసుక తోడి బీచ్ మీద పోస్తుంటారు. ఇసుకని దాని దారిన పోనివ్వకపోతే తర్వాత మనమే డబ్బు పెట్టి మోయాలి.

ఇప్పుడు మీలో కొందరికి ఒక ప్రశ్న ఉండొచ్చు. "ఇంత చిన్న నది గురించి ఇంత బాధ ఎందుకు? గోదావరి నీళ్లు తెచ్చుకుంటే సరిపోతుంది కదా?" న్యాయమైన ప్రశ్నే. ఇప్పటికే తెచ్చుకుంటున్నాం. స్టీల్ ప్లాంట్‌కి, నగరానికి ఏలేశ్వరం దగ్గరున్న ఏలేరు రిజర్వాయర్ నుంచి 150 కిలోమీటర్లకు పైగా కాలువ ఉంది. స్టీల్ ప్లాంట్ వైపు వచ్చిన నీరు కణితి రిజర్వాయర్‌లో నిలుస్తుంది. ఆ కాలువకి గోదావరి నీళ్లు కూడా పంపులతో ఎత్తి కలుపుతారు. పోలవరం ప్రాజెక్టులో విశాఖ తాగునీటికి, పరిశ్రమలకి 23.44 టీఎంసీలు అనుకున్నారు. ఇవన్నీ కావాలి. స్టీల్ చేయడమంటే నీళ్లతో పని, గోస్తని ఒక్కటే ఆ పని మోయలేదు.

కానీ దూరం నుంచి వచ్చే నీటికి మూడు లంకెలు ఉంటాయి: కాలువ, కరెంటు, పైనున్నవాళ్ల అవసరం. వీటిలో ఏది తెగినా కుళాయి ఆగుతుంది. 2014 అక్టోబర్ 12న హుద్‌హుద్ వచ్చినప్పుడు ఏమైందో ఇంట్లో అడగండి. కరెంటు స్తంభాలు పడిపోయి, ఊరిలో నీటి కోసం రోజుల తరబడి జనం ఎంత ఇబ్బంది పడ్డారో చెబుతారు. ఒకే దారి మీద ఆధారపడ్డ ఊరికి, నాలుగు దారులున్న ఊరికి తేడా అలాంటి రోజున తెలుస్తుంది. ఇంకో సంగతి: పట్నానికి గోదావరి వస్తుంది సరే, ఏటి ఒడ్డున ఉన్న జామికి, పద్మనాభానికి, అక్కడి కొబ్బరితోటకి, కూరగాయల మడికి ఏం వస్తుంది? వాళ్లకి గోస్తనే దిక్కు. మన ఇళ్లలోని స్లాబుకి వాళ్ల నీటి గిన్నె ఖాళీ చేసి, మనం గోదావరి తాగుతామంటే ఏరు దాటి తెప్ప తగలేసినట్టే.

2022లో జిల్లాలు విడదీశాక ఈ నదికి ఇంకో చిక్కు వచ్చింది. పుట్టింది అల్లూరి సీతారామరాజు జిల్లాలో, ఆనకట్ట విజయనగరం జిల్లాలో, సముద్రంలో కలిసేది విశాఖపట్నం జిల్లాలో. నీటికి జిల్లా హద్దు తెలియదు, ఆఫీసు ఫైలుకి తెలుసు. పైన కొండ మీద చెట్లు పోతే కింద ఊటబావి తగ్గుతుంది. ఆ రెండూ ఒకే లెక్కలో ఎవరో ఒకరు రాయాలి.

మరి మనం ఏం చేయగలం? పెద్ద పెద్ద మాటలు చెప్పను. మూడు చిన్న పనులు.

మొదటిది, మీ ఇంటి కుళాయిలో నీళ్లు ఎక్కడివో కనుక్కోండి. తాటిపూడివా, మేఘాద్రి గెడ్డవా, శారద మీద ఉన్న రైవాడవా, ఏలేరువా. మీ వార్డు సచివాలయంలో అడగొచ్చు. ఒకసారి పేరు తెలిసిందంటే ఆ నది వార్త మీకు వేరేగా వినిపిస్తుంది.

రెండోది, స్థలం కొనే ముందు, ఇంట్లోవాళ్లు కొంటుంటే వాళ్లతో కూర్చుని, ఫోన్‌లో పాత శాటిలైట్ ఫోటోలు చూడండి. ఇప్పుడు లేఅవుట్ ఉన్న చోట పదిహేనేళ్ల క్రితం గెడ్డ ఉందా, చెరువు ఉందా తెలిసిపోతుంది. గెడ్డ తన దారి మర్చిపోదు. పెద్ద వాన రోజున వెతుక్కుంటూ వస్తుంది.

మూడోది, మీ మేడ మీద పడే వానని లెక్కపెట్టండి. ఒక చదరపు మీటరు మీద ఒక మిల్లీమీటరు వాన పడితే ఒక లీటరు. 100 చదరపు మీటర్ల మేడ, ఏడాదికి 1,000 మిల్లీమీటర్ల వాన: లక్ష లీటర్లు. ఇందాకటి లెక్కలో 20 ట్యాంకర్లు. మీ మేడ మీద నుంచి డ్రైనేజీలోకి పోతున్న 20 ట్యాంకర్లు. అందులో సగం ఇంకుడు గుంతలోకి పంపినా తక్కువేమీ కాదు.

ఇక ఈసారి భీమిలి రోడ్డులోనో, పద్మనాభం వైపో వెళ్తూ గోస్తని వంతెన మీద ఆగితే, ఇసుకని ఒకసారి బాగా చూడండి. దాని కింద నీళ్లున్నాయి, తాగేవాళ్లు ఉన్నారు. మీ ఊరి గెడ్డ పేరు, ఏరు పేరు కింద కామెంట్‌లో రాయండి. దాని మీద కూడా ఒకరోజు మ్యాప్ పెట్టుకుని మాట్లాడుకుందాం. అంతవరకు సెలవు, నమస్కారం.